నందివోలు గోతిలో మంత్రివర్గం

మంత్రి ఒక్కడే గోతిలో పడడం రాజ్యాంగరీత్యా కుదరదు. ఈ సంగతి చాలామందికి తెలియదు. నాకెందుకు తెలుసంటే సచివాలయంలో క్యాబినెట్ సెక్షన్‌కి ఉపకార్యదర్శిని నేనే కనక. మంత్రివర్గ సమావేశానికి అజెండా తయారుచేసేదీ నేనే, లోపల ఏం జరిగినా సరే, ఏం జరిగిందని చెప్పుకోవాలో రాసేదీ నేనే. నా పేరు కనపర్తి యజ్ఞనారాయణ. ఆ పేరు మీరెక్కడా చూసి ఉండరు. నేను రాసిన వాటన్నిటి కిందా "గవర్నరుగారి ఉత్తర్వుల మేరకు" అని ఉంటుంది.

జరిగింది ఇది. నందివోలు పట్టణంలో గాజుల బజారని ఒకటుంది. అందులో షేక్ మస్తాన్‌బీ అనే ఆవిడ గాజుల కొట్టు ముందు ఒక గొయ్యి ఉంది. మంచినీళ్ల గొట్టాల కోసమని ఒక శాఖవాళ్లు తవ్వారు. గొట్టాలు వెయ్యాల్సింది ఇంకో శాఖ. పూడ్చాల్సింది మూడో శాఖ. తవ్విన శాఖ మాత్రం తన వంతు పని సకాలంలో పూర్తిచేసినందుకు ఆ ఏడు ఉత్తమ శాఖ అవార్డు తీసుకుంది. మిగతా రెండు శాఖలూ అభినందన సందేశాలు పంపాయి. గొయ్యి అట్లాగే ఉండిపోయింది.

మస్తాన్‌బీ దానిమీద అడ్డంగా ఒక చెక్క వేసింది. కానీ చీర కుచ్చిళ్లు ఎత్తిపట్టుకుని, చెక్కమీద బిక్కుబిక్కుమంటూ నడిచి గాజులు తొడిగించుకోవడానికి ఎవరొస్తారు? పైగా శ్రావణమాసం దగ్గరపడుతోంది. గాజుల కొట్టుకి ఏడాది మొత్తం మీద వచ్చే బేరమంతా శ్రావణంలోనే. సరుకంతా ముందే తెచ్చి అటక నింపుకుంది. ఈ శ్రావణం పోయిందంటే కొట్టుకి తాళం వేసి కూలికి పోవడం తప్ప ఆవిడకి దారి లేదు. కనపడిన ఆఫీసుకల్లా వెళ్లి గొయ్యి పూడ్చమని అర్జీ పెట్టింది. అన్ని ఆఫీసులూ ఆ అర్జీలను మర్యాదగా ఒకదానికొకటి పంపుకున్నాయి.

ఈలోగా పురపాలక శాఖ మంత్రి అల్లంశెట్టి దశరథరామయ్యగారు "సురక్షిత వీధుల వారోత్సవాలు" ప్రారంభించడానికి అదే బజారుకి వచ్చారు. రిబ్బను కత్తిరించారు. ఫొటోగ్రాఫరు "కొంచెం వెనక్కి సార్" అన్నాడు. దశరథరామయ్యగారు మెత్తని మనిషి, ఎవరి మాటా కాదనరు. వెనక్కి జరిగారు. "ఇంకొంచెం" అన్నాడు. ఇంకొంచెం జరిగారు. ఆ తర్వాత ఫొటోలో రిబ్బను ఉంది, మంత్రిగారు లేరు.

బజారువాళ్లు తాడు వేసి పైకి లాగారు. దెబ్బలేమీ తగల్లేదు. మస్తాన్‌బీ మంచినీళ్లు తెచ్చి ఇచ్చింది గానీ, ఆ సమయంలో ఆవిడ మొహం వెలిగిపోతున్నట్లు పోలీసు నివేదికలో నమోదైంది. వెలగదూ మరి! మంత్రే పడ్డాక ఇక పూడ్చక ఏం చేస్తారని ఆవిడ అనుకుంది. పాపం, మంత్రివర్గం ఎట్లా పనిచేస్తుందో ఆవిడకి తెలియదు.

సాయంత్రానికల్లా టీవీల్లో దశరథరామయ్యగారు పడుతూనే ఉన్నారు. ఒక చానల్లో మామూలుగా, ఇంకో చానల్లో నెమ్మదిగా. తన శాఖ గోతిలో తానే పడ్డ మంత్రి రాజీనామా చెయ్యాలని ప్రతిపక్షంవాళ్లు పట్టుబట్టారు. ముఖ్యమంత్రిగారు అత్యవసరంగా మంత్రివర్గాన్ని పిలిచారు.

"ఆయన పడ్డాడని ఒప్పుకుంటే శాఖది తప్పు. రాజీనామా చేస్తే వాళ్లు గెలిచినట్టు. ఏదన్నా దారి చెప్పండయ్యా" అన్నారు ముఖ్యమంత్రిగారు.

దశరథరామయ్యగారు తల దించుకుని కూర్చున్నారు. ఆయన చెవి వెనక ఇంకా కాస్త మట్టి ఉంది.

ప్రధాన కార్యదర్శి కళ్లజోడు సర్దుకున్నారు. ఆయన మాట్లాడితే ముద్రించిన జీవో చదువుతున్నట్టే ఉంటుంది. "సర్, విషయాన్ని నిబంధనల కోణంలో పరిశీలించినట్లయితే, గౌరవ మంత్రివర్యులు సదరు సమయంలో అధికారిక పర్యటనలో ఉన్నారు. ప్రయాణభత్యం కూడా మంజూరు కాబడినది. కావున వారు పడుట వ్యక్తిగత చర్య కాదు, అధికారిక చర్య. ఏ మంత్రి అధికారికంగా చేసిన పనికైనా మంత్రివర్గం యావత్తూ సమిష్టి బాధ్యత వహిస్తుంది. అనగా వారు పడినది తమ కోసం కాదు సర్. మన అందరి తరఫున."

గదిలో ఊపిరి తిరిగింది. దశరథరామయ్యగారు తల ఎత్తారు.

"అయితే ముందుగా పడాలని మనం నిర్ణయం తీసుకుని ఉండాలి కదండీ?" అన్నారు ఆర్థికమంత్రి పమిడిఘంటం శేషాచలపతిగారు. ఆయనకి ప్రతిదానికీ అడ్డుపుల్ల వెయ్యడం అలవాటు. ఆర్థికమంత్రులకి అది ఉండాల్సిందే.

"పని ముందు జరగడం, నిర్ణయం తర్వాత తీసుకోవడం మనకేమన్నా కొత్తా?" అన్నారు ముఖ్యమంత్రిగారు. నాకేసి చూశారు.

నేను రాశాను: "నందివోలు పట్టణమందలి గోతిలో పడవలెనని మంత్రివర్గము ఏకగ్రీవముగా తీర్మానించినది. సదరు తీర్మానమును పురపాలక శాఖామాత్యులు ముందస్తుగా అమలుపరచుటను హర్షించుచూ ధ్రువీకరించడమైనది." నా సర్వీసులో ఇంత చక్కటి తీర్మానం రాయలేదు. ఇప్పటికీ అప్పుడప్పుడు తీసి చదువుకుంటాను.

బయట విలేకరులకి సమాచార శాఖ మంత్రి ఆ తీర్మానం చదివి వినిపించారు. అంతటితో అయిపోవాల్సింది. కానీ ఒక అమ్మాయి లేచి, "పడాలని మంత్రివర్గం మొత్తం తీర్మానించింది కదండీ, మరి మిగతా మంత్రులు ఎప్పుడు పడతారు?" అని అడిగింది.

సమాచార మంత్రిగారికి ఇళ్ల పట్టాలు ఎప్పుడని అడిగినా, ఉద్యోగాలు ఎప్పుడని అడిగినా, ప్రాజెక్టు ఎప్పుడని అడిగినా ఒకటే జవాబు అలవాటైపోయింది. నాలిక దానంతట అదే కదిలింది.

"దశలవారీగా" అన్నారు.

మర్నాడు పొద్దున్నే నేను ఇంకో ఉత్తర్వు ఇవ్వాల్సి వచ్చింది. మంత్రివర్గ నిర్ణయం పూర్తిగా అమలయ్యేవరకు, అమలు జరగాల్సిన స్థలాన్ని ఎవరూ మార్చకూడదు. గొయ్యి చుట్టూ ఇనపకంచె వచ్చింది. కాపలాకి పోలీసులు వచ్చారు. మస్తాన్‌బీ వేసుకున్న చెక్కని "అనధికార కట్టడం" కింద తీసేశారు.

ఆవిడ బస్సెక్కి సచివాలయానికి వచ్చింది. మంత్రివర్గం దాకా వెళ్లిన విషయం కనక ఆవిడ అర్జీ నా దగ్గరకే వచ్చి పడింది, అర్జీ వెనకే ఆవిడా వచ్చింది. గట్టి మనిషి. కూర్చోమంటే కూర్చోలేదు.

"ఏంది సారూ ఇది? గొయ్యి పూడ్చండి బాబూ అంటే గోతికి కాపలా పెట్టారేంది?"

"నిర్ణయం అమల్లో ఉందమ్మా. మంత్రులందరూ పడాలి."

"పడండయ్యా, ఎవరొద్దన్నారు? ఈయేళే పడండి. నేనే దగ్గరుండి పడేయిస్తా. పడ్డాక మాత్రం పూడ్చండి."

"అట్లా కాదమ్మా, దశలవారీగా..."

"శ్రావణమాసం దశలవారీగా వస్తదా సారూ? అటక మీద సరుకంతా అట్టే ఉంది. పెళ్లికూతురి గాజులు, సీమంతం గాజులు, అన్నీ తెచ్చిపెట్టుకున్నా. మా ఇంటాయన పోయినకాణ్ణించీ ఆ కొట్టే నాకు కూడు పెట్టింది. ఇప్పుడు దాన్ని మూసుకోమంటారా?"

నాకు జాలి వేసింది. నిజంగానే వేసింది. కానీ జాలిని ఏ ఫైల్లో పెట్టాలో మా సెక్షన్‌లో ఎవరికీ తెలియదు. "మీ అర్జీని తదుపరి మంత్రివర్గ సమావేశంలో ఒక అంశంగా పెడతాను" అన్నాను. మామూలుగా నేను ఎవరికీ అంత మాట ఇవ్వను.

ఆ తదుపరి సమావేశంలో ఇంకో చిక్కు వచ్చిపడింది. ఈలోగా ఉత్సాహం ఆపుకోలేక ఇద్దరు ముగ్గురు మంత్రులు నందివోలు వెళ్లి పడి వచ్చేశారు. దాంతో పత్రికలు "మంత్రివర్గంలో చీలిక" అని రాశాయి. పడినవాళ్లంతా ఒక వర్గమట, పడనివాళ్లు ఇంకో వర్గమట. పడినవాళ్లకి వచ్చే విస్తరణలో మంచి శాఖలు ఇస్తారని కూడా పుకారు పుట్టింది.

"దశలూ వద్దు, గిశలూ వద్దు. అందరం ఒకేసారి పడదాం" అన్నారు ముఖ్యమంత్రిగారు.

ఆర్థికమంత్రి శేషాచలపతిగారు మోకాలు నిమురుకున్నారు. "సర్, నాకు మోకాలు అరిగిందని డాక్టర్లు చెప్పారు. మంత్రివర్గం ఎప్పుడూ కూర్చునే నిర్ణయాలు తీసుకోవాలని లేదు కదా. ఫైలు ఇంటింటికీ తిప్పి సంతకాలు తీసుకునే పద్ధతి ఉంది. అట్లాగే గోతిలోంచి ఒక పళ్లెంలో మట్టి తెప్పించి, దాన్ని మంత్రుల దగ్గరికి తిప్పితే, ఎవరింట్లో వాళ్లం పాదం మోపి సంతకం పెడితే సరిపోదా?"

ప్రధాన కార్యదర్శి ఇది నిబంధనలకు లోబడే ఉందన్నారు. నేను పళ్లెం సైజు కూడా రాసుకున్నాను. కానీ సమాచార మంత్రిగారు పళ్లెంలో పడితే ఫొటో రాదని చెప్పడంతో ఆ ప్రతిపాదన వీగిపోయింది. అంతిమంగా తీర్మానం ఇదీ: తదుపరి మంత్రివర్గ సమావేశం నందివోలు గోతిలోనే జరుగును. సమావేశానికి వచ్చుటయే పడుటగా పరిగణించబడును.

గొయ్యి మంత్రివర్గానికి సరిపోదు. అందుకని పెంచారు. ఇంతకాలం పూడ్చడానికి దొరకని యంత్రాలు తవ్వడానికి ఒక్కపూటలో దొరికాయి. మూడు శాఖలూ భుజం భుజం కలిపి పనిచేశాయి. పడమర దిక్కున లోతు ఎక్కువైతే రాజ్యానికి మంచిది కాదని వాస్తు సలహాదారు చెబితే తూర్పుకి తవ్వారు. తూర్పున మస్తాన్‌బీ కొట్టు మెట్లు ఉన్నాయి. మెట్లు పోయాయి. కొట్టు గుమ్మం గాలిలో వేలాడుతోంది. శ్రావణం మొదటి శుక్రవారం వచ్చింది, వెళ్లింది. ఆ రోజు గాజుల బజారుకి వచ్చిన ఆడవాళ్లు కంచె అవతల నిలబడి చూసి పక్క ఊరికి పోయారు. మస్తాన్‌బీ గుమ్మంలో కూర్చుని, ఖాళీగా ఉండలేక, ఉన్న గాజులనే తుడిచి మళ్లీ దండలు కట్టుకుంది.

సమావేశం రోజు ఊరు ఊరంతా తరలివచ్చింది. ఎవరు ముందు పడినా సమిష్టి బాధ్యతకి భంగం కనక, గోతి అంచున ఇసక పోసి జారుడుబల్లలా చదును చేశారు. మంత్రులందరూ చేతులు పట్టుకుని వరసగా కూర్చున్నారు. నేను "ప్రారంభించడమైనది" అన్నాను. అందరూ ఒక్కసారిగా జారారు. చప్పట్లు మోగాయి. ప్రధాన కార్యదర్శీ, నేనూ నిచ్చెన మీదుగా దిగాం. అధికారులకి సమిష్టి బాధ్యత లేదు. మాకు అసలు బాధ్యతే లేదు.

మొదటి అంశంగా అందరూ పడినట్లు ధ్రువీకరించారు. రెండో అంశం మస్తాన్‌బీ అర్జీ. నేను మాట నిలబెట్టుకున్నాను. ఆవిడ పైన గుమ్మంలో ఒరిగి నిలబడి, ఊపిరి బిగపట్టి వింటోంది.

"మన నిర్ణయం పూర్తిగా అమలైంది కాబట్టి, ఈ గొయ్యి తక్షణం పూడ్చడానికి అభ్యంతరం లేదు" అన్నారు ముఖ్యమంత్రిగారు.

ఏకగ్రీవంగా ఆమోదించారు. మస్తాన్‌బీ "యా అల్లా!" అని రెండు చేతులూ మొహానికి రాసుకుంది. "ఇంక పైకి పోదాం పదండి" అన్నారు ముఖ్యమంత్రిగారు.

ఎవరూ కదల్లేదు. నిచ్చెన ఒక్కటే ఉంది. దానిమీద ఒక్కసారికి ఒక్క మనిషే ఎక్కగలడు.

"సర్," అన్నారు ప్రధాన కార్యదర్శి, "ఒక సూక్ష్మమైన అంశం ఉత్పన్నమగుచున్నది. తమరు ముందుగా పైకి వెళ్లినచో మంత్రివర్గానికి నాయకుడు లేకుండాపోతారు. మిగతావారు ముందుగా వెళ్లినచో తమరు మంత్రివర్గం లేని ముఖ్యమంత్రి అవుతారు. సగంమంది ఎక్కిన తరుణంలో రాష్ట్రానికి రెండు ప్రభుత్వాలు ఉంటాయి. ఒకటి పైన, ఒకటి కింద."

"ఎక్కేవాణ్ణి పైన ప్రతిపక్షంవాళ్లు ఎత్తుకుపోతే?" అన్నారు శేషాచలపతిగారు. ఆ మాటతో నిచ్చెన దగ్గర నిలబడ్డ మంత్రి కూడా దూరంగా జరిగారు. అందరూ ఒకరినొకరు అనుమానంగా చూసుకుని, చేతులు మరింత గట్టిగా పట్టుకున్నారు. దిగడానికి వేసిన ఇసక జారిపోయి కింద కుప్పగా పడింది. పడడానికి తీర్మానం ఉంది గానీ లేవడానికి లేదు. అది రాయాల్సింది నేనే. తప్పు నాదే. కానీ ఆ తీర్మానం రాసేటప్పుడు పడడమే ఇంత గౌరవంగా జరుగుతుందని అనుకోలేదు, లేవడం గురించి ఎవరు ఆలోచిస్తారు?

ఎండ నడినెత్తికి వచ్చింది. బాల్చీలో మజ్జిగ దింపారు. అందరూ ఒకేసారి తాగితే గానీ తాగమని ఎవరూ ముట్టుకోలేదు. పెద్ద క్రేను తెప్పించాలంటే ఆ శాఖ మంత్రి కూడా గోతిలోనే ఉన్నారు, ఆయన సంతకం చేసే కలం కారులో ఉంది. పూడ్చే శాఖవాళ్లు మట్టితో సిద్ధంగా నిలబడ్డారు. లోపల ప్రభుత్వం ఉండగా ఎట్లా పూడుస్తామని వాళ్లూ కదల్లేదు. మస్తాన్‌బీకి ఏడుపొచ్చినంత పనైంది. పూడ్చమని ఉత్తర్వు వచ్చీ, మట్టి వచ్చీ, మనుషులు వచ్చీ గొయ్యి మాత్రం ఇంకా గొయ్యిగానే ఉంది.

ఉండబట్టలేక గుమ్మంలోంచి అరిచింది. "అయ్యా పెద్దాయనా! నిచ్చెనెందుకయ్యా మీకు? వాళ్లు తట్టలతో మట్టి పోస్తా ఉంటారు. మీరు తొక్కుతా ఉండండి. మట్టి లేచేకొద్దీ మీరూ లేస్తారు. ఒకళ్లు ముందూ లేదు, ఒకళ్లు ఎనకా లేదు. అందరూ ఒక్కపాలి పైకొస్తారు!"

ముఖ్యమంత్రిగారు ప్రధాన కార్యదర్శి వైపు చూశారు. ఆయన చాలాసేపు ఆలోచించి, దీన్ని నిషేధించే నిబంధన ఏదీ తమ దృష్టికి రాలేదన్నారు.

ప్రధాన కార్యదర్శీ, నేనూ నిచ్చెనెక్కి పైకి వచ్చేశాం. మట్టి పడడం మొదలైంది. మంత్రివర్గం చేతులు పట్టుకుని తొక్కడం మొదలుపెట్టింది. ఒక రాష్ట్ర మంత్రివర్గం మొత్తం కలిసి ఒకే పనిని, అందులోనూ ఉపయోగపడే పనిని, ఇంత శ్రద్ధగా చెయ్యడం నేను చూడడం అదే మొదలు. "ఆర్థికమంత్రిగారి మూల పల్లంగా ఉంది, ఇంకో తట్ట పొయ్యండి" అని పై నుంచి జనం కేకలు. ముఖ్యమంత్రిగారి కింద మట్టి మిగతావారి కన్నా జానెడు ఎత్తు ఉండేట్టు ప్రోటోకాల్ అధికారి చూసుకున్నాడు. పొద్దు వాలకముందే మంత్రులందరూ తలలు, భుజాలు, నడుములు, మోకాళ్లతో సహా ఒకేసారి భూమట్టానికి వచ్చేశారు. మస్తాన్‌బీ కొట్టు ముందు చదునైన నేల ఉంది. రోడ్డు రోలరు తొక్కినా అంత గట్టిపడదు.

మస్తాన్‌బీ ఆ నేలమీద కాలుపెట్టి చూసుకుంది. ఇంకో కాలు పెట్టింది. కొంగుతో కళ్లు తుడుచుకుంది.

అప్పుడే స్త్రీ సంక్షేమ శాఖ మంత్రి తలారి సుగుణమ్మగారు తన చేతులకేసి చూసుకున్నారు. తొక్కుడులో గాజులన్నీ చిట్లిపోయాయి. "శ్రావణమాసంలో బోసి చేతులతో ఇంటికెట్టా పోను? ఓ డజను పచ్చగాజులు తొడుగు మస్తాన్‌బీ" అంటూ వెళ్లి కొట్టులో కూర్చున్నారు. మస్తాన్‌బీ దండ విప్పి, చెయ్యి పట్టుకుని, ఒక్కొక్కటే నెమ్మదిగా తొడిగింది. చుట్టూ కెమెరాలు చేరాయి.

ప్రధాన కార్యదర్శి నా చెవి దగ్గరికి వంగారు. "యజ్ఞనారాయణగారూ, ఈమె కూడా అధికారిక పర్యటనలోనే ఉన్నట్టు కదా?"

"అవును సర్."

"ప్రయాణభత్యం?"

"మంజూరైంది సర్."

ఆయన నిట్టూర్చి ముఖ్యమంత్రిగారి దగ్గరికి వెళ్లి ఏదో చెప్పారు. ముఖ్యమంత్రిగారు మొదట మొహం చిట్లించుకున్నారు. తర్వాత తన మంత్రుల్ని చూశారు, కెమెరాల్ని చూశారు, మళ్లీ మంత్రుల్ని చూశారు. పొద్దుట్నుంచీ నిలబెట్టుకొచ్చిన ఐక్యతను సాయంత్రం డజను గాజుల దగ్గర పోగొట్టుకోవడం ఆయనకి ఇష్టం లేకపోయింది. చొక్కా చేతులు పైకి మడిచారు.

మంత్రివర్గం సీనియారిటీ ప్రకారం వరసలో నిలబడింది. మస్తాన్‌బీ ఎవరికీ తేడా చూపించలేదు. "చెయ్యి వదులుగా పెట్టండయ్యా, బిగబడితే చిట్లుద్ది" అని అందర్నీ గదమాయించింది. దశరథరామయ్యగారు తనకి ఎరుపు కావాలన్నారు. శేషాచలపతిగారు మోకాలి నొప్పికీ గాజులకీ పడదని డాక్టరు చెప్పాడన్నారు. మస్తాన్‌బీ ఆయన బొటనవేలు లోపలికి నొక్కి, ఆయన "అబ్బా" అనేలోగా తొడిగేసింది. మంత్రులు వేసుకున్న గాజులు మాకూ కావాలని ఊళ్లో ఆడవాళ్లు ఎగబడ్డారు. అటక ఖాళీ అయింది. ఆ శ్రావణం మస్తాన్‌బీ రెండోసారి సరుకు తెచ్చుకుంది.

గాజులు తియ్యడానికి మాత్రం ఇంతవరకూ వీలుపడలేదు. తీస్తే అందరూ ఒకేసారి తియ్యాలి. దానికి తీర్మానం కావాలి. శుభమా అంటూ తొడిగించుకున్న గాజులు తియ్యడం అరిష్టమని సుగుణమ్మగారు అడ్డుపడ్డారు.

నిజం చెప్పాలంటే సచివాలయానికి దీనివల్ల మేలే జరిగింది. ఇదివరకు తలుపు మూసిన పేషీలో మంత్రిగారు ఫైళ్లు చూస్తున్నారో లేదో బయటివాళ్లకి తెలిసేది కాదు. ఇప్పుడు ఫైలు తిప్పినా, సంతకం పెట్టినా, గలగలమని వరండా దాకా వినపడాలి.

మొన్న మస్తాన్‌బీ మళ్లీ వచ్చింది, బజారులో వీధిదీపం కావాలని. ఫైలు మంత్రిగారి పరిశీలనలో ఉందని చెప్పాను. ఆవిడ నా మాట నమ్మినట్టు లేదు. వరండాలోకి వెళ్లి, ఒక్కో మంత్రిగారి తలుపు దగ్గరా కాసేపు ఆగి, చెవి ఒగ్గి విని, ఈ చివరి నుంచి ఆ చివరి దాకా నడిచి వెనక్కి వచ్చింది.

"అందరికీ నా చేత్తోనే తొడిగాను గదా సారూ," అంది. "ఒక్క చెయ్యీ కదలట్లేదేంది?"